కారం లేని వానాకాలం

ఆ వానాకాలం మా ఇంట్లో కారం డబ్బా అటకెక్కింది. ఎక్కించింది నేనే. స్టూలేసుకుని, డబ్బాని పాత చీరముక్కలో చుట్టి, ఆవకాయ జాడీ వెనక్కి తోశాను. మంచం మీద కూర్చుని మా అమ్మ చూస్తూనే ఉంది.

"దాన్నెందుకే దాస్తన్నావు? బంగారమా?" అంది.

"నీ కంటికి కనపడకూడదని."

"మీ నాన్న కంటికి కనపడక ఎన్నేళ్ళయింది? మర్చిపోయానా?"

నేను స్టూలు దిగాను.

"పెట్టు పెట్టు, దాచిపెట్టు. చచ్చినాక విస్తరి కూడా వెయ్యనని మైకులో చెప్పినదానివి, బతికుండగా కారమేం పెడతావు?" అంది.

అది నిజమే. ఇళ్ళల్లో పనిచేసే ఆడవాళ్ళ సంఘం నడుపుతాను నేను. చదువు ఏడో తరగతి. మిగతాది గోడల మీద పోస్టర్లు చూసీ, పోలీస్ స్టేషన్ బెంచీల మీద పాత పేపర్లు చూసీ చదువుకున్నాను. చచ్చినవాళ్ళు లేచొచ్చి తినరు, దినాల పేరుతో ఊరందరికీ విందులు పెట్టి మునిగిపోకండి అని ప్రతి మీటింగులో అరుస్తాను. ఒక మీటింగులో మా అమ్మ జనం మధ్య లేచి నిలబడి, "ఎవరు తినరో నాకు తెలవదు, నేను మటుకు వచ్చి తింటా. నా విస్తరి మానమాక," అని గట్టిగా అంది. మీటింగు నవ్వుల్లో కొట్టుకుపోయింది.

ఆమె పేరు కొండలమ్మ. పుట్టింది కొల్లేటి లంకలో. పెళ్ళయి వచ్చి బతికింది బెజవాడ కొండ మీద మెట్ల ఇంట్లో. చేపల మార్కెట్లో ఆమె గంప ముందు బేరం మొదలైతే అటుపక్క మసీదు సందు దాకా వినపడేది. ఆమెకి అడ్డచుట్ట అలవాటు. అంటే నిప్పున్న కొస నోట్లో పెట్టుకుని కాల్చడం. పడవ మీద గాలికీ వానకీ చుట్ట ఆరిపోతుంది కాబట్టి లంకల్లో ఆడవాళ్ళు ఆ దారి కనిపెట్టారు. చేతులు రెండూ చేప మీద, నిప్పు నోట్లో. చిన్నప్పటినుంచీ చూస్తున్నాం కాబట్టి మాకెవరికీ అది వింతగా అనిపించలేదు. ఊరి మీద అన్నిటికీ ధర్నాలు చేసిన నాకు కూడా.

అమ్మ అంగిట్లో పుండు పుట్టింది. మానలేదు. ముక్క కోసి పరీక్షకి పంపారు. తర్వాత మంగళగిరి దగ్గర ఆసుపత్రికి వెళ్ళాం.

అక్కడి డాక్టరమ్మ వయసులో చిన్నది. అబద్ధం ఆడలేదు.

"కరెంటు పెట్టాలమ్మా, రేడియేషన్. వారానికి ఐదు రోజులు రావాలి. వినాయక చవితి దాటేదాకా సాగుతుంది," అంది. తర్వాత ఒక తెల్లటి వల చూపించింది. వేడినీళ్ళలో మెత్తబరిచి ముఖం మీద పరుస్తారట. ఆరేసరికి ముక్కు, గడ్డం, బుగ్గలు అచ్చుపడి గట్టిపడుతుంది. రోజూ దాన్ని ముఖం మీద పెట్టి బల్లకి బిగిస్తే తల వెంట్రుకవాసి కూడా కదలదు. "మనిషి చిక్కిపోకూడదండీ, అదే ముఖ్యం. బుగ్గలు లోపలికి పోతే మాస్కు వదులవుతుంది. తల కదిలితే కరెంటు పుండు మీద పడదు. మళ్ళీ మాస్కు చెయ్యాలి, మధ్యలో ఆపాలి. ఆపితే పుండుకి బలం. తినలేకపోతే మాత్రం ముక్కులోంచి గొట్టం వెయ్యాల్సి వస్తుంది. కారం, పులుపు, వేడి ఏవీ వద్దు. మెత్తనివి పెట్టండి."

వల ముఖం మీద పరిచినప్పుడు నేను తలుపు దగ్గర ఉన్నాను. లోపల్నించి అమ్మ గొంతు వినపడింది. "ఇన్నాళ్ళూ చేపలకేశాం. ఇప్పుడు మన వంతు."

తిరిగొస్తుంటే ఆటోలో, వారధి మీద, నా మోచెయ్యి పట్టుకుంది.

"ఒసే మల్లీ. కరెంటు పెట్టించుకుంటా. ఎన్ని రోజులైనా ఆ బల్ల మీద పడుకుంటా. గొట్టం మాత్రం వేయించమాక. చేపని గాలానికి గుచ్చినట్టు నన్ను గుచ్చమాక. వేయించావంటే నీ గుమ్మం ముందే టెంటేసి కూర్చుంటా."

"సరేలే," అన్నాను.

"మాటివ్వు."

ఇచ్చాను. ఇంక ఆ వానాకాలం మా ఇంట్లో వేరే సంగతి లేదు. అమ్మ తినాలి. బుగ్గలు నిలబడాలి. గొట్టం రాకూడదు.

మొదట జావలు. రాగిజావ, సగ్గుబియ్యం జావ, బార్లీ. కొన్నాళ్ళు తాగి ఒకరోజు గ్లాసు తోసేసింది. "తాగేదాన్ని తిండి అంటారంటే? ముద్ద ఉండాలి. నాలుక మీద తిరగాలి. గొంతులో దిగుతుంటే దిగిందని తెలియాలి." సరే అని మెత్తగా ఉడికించి అన్నం పెట్టాం. మెతుకులు పుండుకి గుచ్చుకున్నాయి. ఇడ్లీ అంగిటికి అతుక్కుపోయి, వేలితో తియ్యబోతే రక్తం వచ్చింది. ఇక ఏదీ వద్దని గోడవైపు తిరిగి పడుకుంది.

అప్పుడు మా తమ్ముడు కోటి నోరు విప్పాడు. వాడు బెంజి సర్కిల్ దగ్గర కెఫేలో వంట చేస్తాడు. కాలేజీ పిల్లలు తిండికి ముందు ఫొటోలు తీసుకునే చోటు అది.

"అక్కా, న్యోకి చేసి పెడతా."

"అదేం రోగంరా?"

"రోగం కాదు, ఇటలీ వాళ్ళ తిండి. బంగాళాదుంప ఉండలు. పుట్టగొడుగులూ ఆకులూ వేసిన మీగడ సాసులో పడేస్తాం. కారం లేదు, పులుపు లేదు. నాలుకతో నొక్కితే నలిగిపోద్ది. కెఫేలో రోజూ చేసేదేగా."

అమ్మ గోడవైపునించే అడిగింది. "ఏంట్రా దాని పేరు?"

"న్యోకి."

"నోరు బాగున్నప్పుడే తిరగదు ఆ పేరు. ఉండలు అను. చాలు."

మొదటిసారి చేసింది తలుచుకుంటే ఇప్పటికీ నవ్వొస్తుంది. కెఫేలో పెద్ద ఓవెనుంది, ఇంట్లో గ్యాసు పొయ్యి. దుంపల్ని నీళ్ళలో ఉడకబెట్టాడు. అవి నీళ్ళు తాగాయి. పిండి చేతికి అతుక్కుంది. మైదా వేశాడు. ఇంకా అతుక్కుంది, ఇంకా వేశాడు. అమ్మ ఒక ఉండ నోట్లో పెట్టుకుని ఆ బుగ్గనించి ఈ బుగ్గకి, ఈ బుగ్గనించి ఆ బుగ్గకి తిప్పింది. బయటికి తీసి, కాసేపు పరీక్షగా చూసి, గోడకేసి కొట్టింది. అది గోడకి తగిలి మళ్ళీ ఆమె మంచం దగ్గరికే వచ్చింది.

"సైకిలు టైరుకి పంచరెయ్యడానికి బాగుంటది," అంది.

పక్కింటి తెరేసమ్మ గుమ్మంలోనే కూలబడి నవ్వింది. కోటి కూడా నవ్వాడు. నవ్వుతూనే గిన్నె తీసుకుని పెరట్లోకి పోయి, వానలో నిలబడ్డాడు. ఎంతసేపటికీ లోపలికి రాలేదు. నేను వెళ్ళలేదు. ఓదార్చడం నాకు రాదు.

వాడు తడిసి లోపలికొచ్చాక అమ్మ అంది. "దుంపని నీళ్ళలో ముంచి, నీళ్ళు కారతంది అని ఏడిస్తే ఎట్టారా? నిప్పుల్లో కాల్చు."

అటక మీంచి కుంపటి దిగింది. బొగ్గుల్లో దుంపలు కాల్చి, వేడి తగ్గకముందే తొక్క వలిచి, పిండి జల్లించే జల్లెడలోంచి రుద్దాడు. గుడ్డు పచ్చసొన, చేతివేళ్ళకి అందినంత మైదా. అంతే. గట్టిగా పిసకలేదు. పసిపిల్లకి నలుగుపెట్టినట్టు పైపైన కలిపాడు. తాడులా చేసి, వేలి కణుపంత ముక్కలు కోసి, ఒక్కొక్కటీ ఫోర్కు మీద దొర్లించాడు.

"ఆ గీతలెందుకురా?" అంది అమ్మ.

"సాసు పట్టడానికమ్మా."

"చేపకి గాట్లు పెట్టినట్టా?"

"అంతే."

"అయితే పెట్టు."

పుట్టగొడుగులకి ఇంకో తిప్పలు. కెఫేకి వచ్చే డబ్బాల్లోవి అమ్మకి నచ్చలేదు. ప్లాస్టిక్ వాసనంది. ఉయ్యూరు వైపు పాకల్లో తడి వరిగడ్డి మీద పుట్టగొడుగులు పెంచే ఆడవాళ్ళున్నారు. వాళ్ళలో ఒకామె ఒకప్పుడు నా సంఘంలో జెండా పట్టుకున్న మనిషి. బస్సు కండక్టరు చేతికిచ్చి పంపించేది. కోటి వాటిని వెన్నలో నీరంతా ఇగిరేదాకా వేయించి, పంటికి తగలకుండా నూరేవాడు. అందులో గేదెపాల మీగడ. కెఫేలో వేసే ఎండు ఆకులు గొంతులో గీసుకున్నాయి. వాటి బదులు తెరేసమ్మ డాబా మీది కుండీలోంచి వాము ఆకు కోసి, సన్నగా తరిగి, వెన్నలో వెచ్చబెట్టి, వడకట్టి ఆ వెన్నే వేశాడు. ఆకు వాసనుంటుంది, ఆకు ఉండదు. ఇల్లంతా వానకి తడిసిన గడ్డివామి పక్కన నిలబడ్డట్టు ఉండేది.

నా పని ఊదడం. వంట నాకు చేతకాదు కాబట్టి నాకిచ్చిన పని అది. వేడి తగిలితే అమ్మ నోరు కాలిపోతుంది. చల్లారిపోతే ఉండ బిరుసెక్కుతుంది. ఒక్కొక్క ఉండనీ చెంచాలోకి తీసి, ఊది, రెండు వేళ్ళ మధ్య నొక్కి చూసి, అప్పుడు నోటికి అందించాలి.

"ఊదు ఊదు. మైకులో ఊదినట్టు కాదు, నెమ్మదిగా," అనేది.

తిన్నది. ఆ రోజు గిన్నె సగం ఖాళీ చేసింది. కోటి కెఫేకి వెళ్తూ మెట్లమీద ఈల వేశాడు.

అక్కడినించి రోజూ అదే వరస. పొద్దున్నే కుంపటి, ఉండలు, ఊదడం. తర్వాత కుర్చీ. కొండమీద మా ఇంటికి మెట్లు తప్ప దారి లేదు, వానకి పాకుడు పట్టి ఉంటాయి. ప్లాస్టిక్ కుర్చీకి రెండు వెదుళ్ళు కట్టి, అమ్మని కూర్చోబెట్టి, సంఘం ఆడవాళ్ళం మోసుకుని రోడ్డు మీదికి దించేవాళ్ళం. ముందు నేనూ తెరేసమ్మా.

"జరగండి జరగండి, ఎమ్మెల్యే వస్తంది," అని అరిచేది అమ్మ, గొంతు పోతున్నా.

"ఓటేస్తాలే పిన్నీ, ముందు చెప్పు జారకుండా కూర్చో," అనేది తెరేసమ్మ.

"మోసేవాళ్ళకి నేనేమిస్తానో అడగవేంటి?"

"ఏమిస్తావు?"

"కోటిగాడి ఉండలు. గోడకి కొట్టినవి."

ఆసుపత్రిలో మాస్కు బిగించేది జయపాల్ అనే మనిషి. నాలుగు మూలలా బిగించాక, అమ్మ బుగ్గ పక్కన వల కిందికి తన వేలు దూర్చి చూసేవాడు. తలుపు మూసేలోపు నాకు వినపడేలా చెప్పేవాడు. "వేలు దూరట్లేదు పెద్దమ్మా. టైట్‌గానే ఉంది." ఆ మాట వినేదాకా నేను తలుపు దగ్గర్నించి కదిలేదాన్ని కాదు. నాకు దేవుడి మీద నమ్మకం లేదు. ఆ రోజుల్లో జయపాల్ వేలి మీద ఉండేది.

బయటికొచ్చేసరికి అమ్మ ముఖమంతా వల గళ్ళు పడి ఉండేది. ఇంటికొచ్చేదాకా పోయేవి కావు.

నోరు రోజురోజుకీ పాడైంది. నాలుక మీద తెల్లటి పొర, పెదాల మూలల్లో పగుళ్ళు, ఉమ్మి జిగటగా తీగలు సాగేది. ఒక్కొక్క ఉండ మింగడానికి కళ్ళు మూసుకుని, మంచం పట్టె గట్టిగా పట్టుకునేది. అయినా మింగేది. మింగాక కోటికి పేర్లు పెట్టేది.

"ఇయ్యాల ఉప్పు ఒక చిటికెడు తగ్గింది."

"ఆకు ఎక్కువైందిరా, మందులషాపు వాసనొస్తంది."

"వెన్న మాడ్చావు. ఎవరి గురించి ఆలోచిస్తన్నావు పొయ్యి దగ్గర?"

వాడు ప్రతిదీ సరిచేసేవాడు. రేపు ఉప్పు ఇంత, ఆకులు రెండు తక్కువ, వెన్న సన్నసెగ మీద అని తనలో తానే గొణుక్కునేవాడు. కెఫేలో ఎవరూ వాడిని అలా పట్టించుకోలేదు. అక్కడ ప్లేటు వెనక్కొస్తే తిట్లు, రాకపోతే ఏమీ లేదు. "అక్కా, అమ్మ నాలుక ముందు మా చెఫ్ కూడా నిలబడడు," అన్నాడొకసారి. ముఖం వెలిగిపోయింది.

శ్రావణంలో ముసురు పట్టింది. ఆ పొద్దున అమ్మ గిన్నె మొత్తం తినేసింది. చివర గిన్నె గోడలకి అంటుకున్నది కూడా గీకి పెట్టించుకుంది.

"ఇయ్యాల కుదిరిందిరా కోటీ. ఉప్పు సరిగ్గా పడింది. ఇదే లెక్క. మర్చిపోమాక," అంది.

వాడు తలూపాడు. ఎందుకో ఈసారి ముఖం వెలగలేదు. గొడుగు తీసుకుని కెఫేకి వెళ్ళిపోయాడు.

గిన్నెలు కడుగుదామని కూర్చున్నాను. బాణలిలో అడుగున రెండు ఉండలు మిగిలాయి. ఆకలేసి ఒకటి నోట్లో వేసుకున్నాను.

ఉప్పు లేదు. తక్కువ కాదు, అసలు లేదు. రెండోది కూడా తిన్నాను. సాసు వేలితో తీసి నాకాను. ఎక్కడా ఒక్క రవ్వ కూడా లేదు.

చేతులు తుడుచుకుని గదిలోకి వెళ్ళాను. అమ్మ కిటికీలోంచి వాన చూస్తోంది.

"ఎప్పట్నించి?" అన్నాను.

"ఏది?"

"రుచి."

ఇటు తిరక్కుండానే, "కరెంటు మొదలెట్టిన కొత్తలోనే పోయింది. ఏది పెట్టినా తడిసిన సున్నం ముద్దలా ఉంటది," అంది.

"మరి రోజూ ఉప్పు తగ్గింది, ఆకు ఎక్కువైంది అని ఆ వంకలేంటి?"

"వంక పెట్టకపోతే వాడు రేపు దేనికోసం చేస్తాడే? మార్కెట్లో బేరమాడకుండా చేప తీసుకుపోయినోళ్ళంటే నాకు భయమేసేది. చేప మీద మనసు లేనోళ్ళే అట్టా పట్టుకుపోతారు. మళ్ళీ రారు." దగ్గొచ్చి ఆగింది. "వాడికి చెప్పమాక."

"నొప్పి పుట్టించుకుని, రుచి లేనిది ఎట్టా తింటున్నావే?"

"నోరు తెరిచి," అంది.

నేను చెప్పలేదు. మర్నాడు కోటి, "నిన్నటి లెక్కేగా అమ్మా?" అని అడిగాడు. "అదే లెక్క," అంది. నేను ఊదాను.

వినాయక చవితి వెళ్ళాక కరెంటు అయిపోయింది. ఆఖరి రోజు కూడా జయపాల్ వేలు దూర్చి చూశాడు. "దూరట్లేదు పెద్దమ్మా. మొదటిరోజు ఎట్టా ఉందో అట్టాగే ఉంది." మాస్కు ఇంటికి తీసుకెళ్తారా అని అడిగాడు. కొందరు తీసుకెళ్తారట.

"ఏం చేసుకోను? చారు వడకట్టుకోనా?" అంది అమ్మ.

డాక్టరమ్మ నోట్లోకి లైటు వేసి చూసి, పుండు తగ్గిందంది. గొట్టం లేకుండా ఈ వయసులో ఇంతదాకా రావడం గొప్పేనంది. రుచి నెమ్మదిగా వస్తుందట, తొందరపడొద్దంది. తిరిగొస్తుంటే అమ్మ వారధి మీద ఆటో ఆపించింది. వెనక హారన్లు మోగుతున్నాయి. ఆటోవాడు గొణిగాడు. బ్యారేజీ గేట్లెత్తారు, కృష్ణ ఎర్రగా, ఈ ఒడ్డునించి ఆ ఒడ్డుదాకా కదులుతోంది.

"కొత్తనీళ్ళు. చేప ఎదురెక్కుద్ది," అంది. నావైపు తిరిగి, "దసరాకి కారం డబ్బా దించవే. మీ మావయ్య నాగులుకి ఫోన్ చేసి కొరమేను పంపమను. రుచి తెలిసినా సరే, తెలవకపోయినా సరే. ఎర్రగా పులుసు చూడాలి నేను," అంది.

"దించుతా," అన్నాను. ఆ పూట నేను చాలా సంతోషంగా ఉన్నాను. గెలిచామనుకున్నాను. ఇరవై ఏళ్ళుగా సంఘం నడుపుతున్నదాన్ని, నాకు తెలిసి ఉండాల్సింది. ఒప్పందం మీద సంతకాలయ్యాక పనిలోకెళ్ళిన మనిషిని మర్నాడు గేటు దగ్గరే ఆపేసిన రోజులు నేను చూశాను.

దసరాకి ముందే జ్వరం వచ్చింది. ముందు మామూలు జ్వరమే అనుకున్నాం. నెమ్ము చేసింది. కుర్చీకి వెదుళ్ళు మళ్ళీ కట్టాం. ఆ రోజు ఆమె జరగండి అని అరవలేదు. తెరేసమ్మ మెట్టుమెట్టుకీ ఏదో ఒకటి అంటూనే ఉంది, "ఎమ్మెల్యేగారూ, పలకరేంటి? ఓట్లొద్దా?" అని. ఆసుపత్రిలో ఊపిరికి మాస్కు పెట్టారు. తిండి సంగతి డాక్టరమ్మ ఎత్తబోయింది. ఎత్తేలోపే అయిపోయింది. గొట్టం వేయించాలా వద్దా అని నేను తేల్చుకోవాల్సిన పని లేకుండా చేసింది. నా మాట నిలబెట్టింది కూడా ఆమే.

పెద్దదినం నాడు మా మేనమామ నాగులు కొల్లేటి నించి వచ్చాడు. చేతిలో బకెట్టు, అందులో నీళ్ళు, నీళ్ళలో బతికున్న కొరమేను. దినం చెయ్యనని నేనెవరితోనూ అనలేదు. చేస్తాననీ అనలేదు. ఆయన వచ్చి చొక్కా విప్పి తువ్వాలు చుట్టుకుని పెరట్లో బూడిదేసి చేప రుద్దడం మొదలుపెట్టాడు. ఇక ఎవరూ ఏమీ అడగలేదు.

"కారమేదే?" అన్నాడు.

స్టూలేసుకుని అటకెక్కాను. ఆవకాయ జాడీ వెనక, చీరముక్కలో, ఎక్కడ తోశానో అక్కడే ఉంది. మూత రావడానికి గరిటె కాడ కావాల్సొచ్చింది. కాగిన నూనెలో కారం పడగానే ఇల్లంతా ఘాటు లేచింది. అందరం దగ్గాం. అందరి కళ్ళూ కారాయి. ఎవరూ ఎవరినీ ఏమీ అడగక్కర్లేకుండా అందరం కాసేపు తుడుచుకున్నాం.

కోటి ఒక మూల కుంపటి పెట్టుకుని దుంపలు కాలుస్తున్నాడు. మావయ్య చూశాడు.

"అదేంట్రా, తెల్లగా?"

"ఉండలు మావయ్యా. అమ్మ విస్తరికి."

"రోగపు తిండా? బుద్ధుందిరా నీకు? రోగంతో తిన్నది విస్తరిలో వేస్తే ఆ రోగం వెంట పోద్ది. మా అక్క పులుసు తిన్న మనిషి. పులుసు తినే పోవాలి."

"ఆఖరుదాకా తిన్నది ఇదే మావయ్యా," అన్నాడు కోటి. గొంతు చిన్నగా ఉంది. చేతులు ఆపలేదు.

"రెండూ వెయ్యండి," అన్నాను నేను.

మావయ్య నావైపు తిరిగాడు. "నువ్వు చెప్తన్నావేంటే? విస్తర్లు ఎవరూ తినరని ఊరంతా మైకేసి చెప్పినదానివి. ఇప్పుడు నమ్మకం కుదిరిందా?"

"లేదు."

"మరి?"

"ఆమెకుంది."

ఆయన పొయ్యివైపు తిరిగాడు. పులుసు గరిటె తిప్పుకున్నాడు.

సాసు దగ్గరకొచ్చింది. కోటి ఉప్పుడబ్బా పట్టుకుని అలాగే కూర్చున్నాడు. నన్ను పిలిచాడు.

"అక్కా, విస్తరికి పెట్టేది ముందు మనం రుచి చూడకూడదంట. మావయ్య ఎంగిలి చెయ్యద్దన్నాడు. ఉప్పు ఎంతెయ్యను?"

"రోజూ వేసేంత వెయ్యి. అమ్మ చెప్పిన లెక్క ఉందిగా."

వాడు డబ్బాలోకి చూశాడు.

"ఆ లెక్కలో ఉప్పు లేదక్కా."

నేను వాడి పక్కన కూర్చున్నాను.

"అంతకుముందు రోజు పొరపాటున రెండుసార్లు వేశాను. తగ్గింది అంది. అనుమానమొచ్చి ఆ రోజు కావాలనే మానేశాను. సరిగ్గా పడింది అంది." ముక్కు భుజానికి తుడుచుకున్నాడు. "నీకు చెప్తే తినిపించేటప్పుడు నీ ముఖంలో తెలిసిపోద్ది, ఆమె తినడం మానేస్తదేమో అని చెప్పలా."

బయట మావయ్య విస్తరి కడుగుతున్న చప్పుడు. మేము ముగ్గురం ఒకే గదిలో, ఒకే గిన్నె చుట్టూ అన్ని వారాలు కూర్చున్నాం. ముగ్గురికీ తెలుసు.

"వెయ్యరా," అన్నాను. "ఈరోజు ఉప్పు వెయ్యి."

వేశాడు. ఎంతని చూడకుండా, చేతి కొలతకి.

మా వైపు పద్ధతి ఏంటంటే, పోయిన మనిషి పడుకున్న చోట విస్తరి వేసి, ఇష్టమైనవన్నీ వడ్డించి, అందరూ బయటికొచ్చి తలుపు దగ్గరికేస్తారు. మనం చూస్తుంటే వాళ్ళు తినరంటారు. అమ్మ మంచం తీసేసిన చోట విస్తరి పరిచారు. మావయ్య అన్నం, కొరమేను పులుసు వడ్డించాడు. ఎర్రగా ఉంది. ఆమె చూడాలన్నంత ఎర్రగా. పక్కన ఎవరో కొత్త చుట్ట పెట్టబోతే తెరేసమ్మ చెయ్యి పట్టుకుని ఆపింది. తర్వాత అందరూ బయటికెళ్ళారు. కోటి గిన్నె నా చేతిలో పెట్టాడు. తను వడ్డించలేనన్నాడు.

మీటింగుల్లో నేను చెప్పిందంతా నాకు గుర్తుంది. దాంట్లో ఒక్క ముక్క కూడా వెనక్కి తీసుకోను. విస్తరి ముందు గొంతుక్కూర్చున్నాను. గిన్నె మూత తీశాను. తడి గడ్డి వాసన, వాము ఆకు వాసన. ఒక ఉండ చెంచాలోకి తీశాను. పొగలు కక్కుతోంది.

తలుపు అవతల మావయ్య దగ్గాడు. "ఏం చేస్తన్నావే ఇంకా లోపల? వేసేసి రా. తలుపెయ్యాలి."

"వస్తన్నా మావయ్యా," అన్నాను.

రెండు వేళ్ళ మధ్య నొక్కి చూశాను. మెత్తగా ఉంది. మళ్ళీ ఊదాను, నెమ్మదిగా.

"వస్తన్నా. ఇంకా వేడిగా ఉంది."